బైరాగికి విడిచిన గరిక

వేములవారిపాలెం,
2-7-1964

యలమందా,

నువ్వూ హనుమాయమ్మా చల్లగా ఉండాలని కోటయ్య స్వామికి దణ్ణం పెట్టుకుని ఈ ఉత్తరం మొదలుపెడుతున్నాను. కొత్తగా పొలం తీసుకున్న క్యాంపుకు చేరామని నువ్వు వేసిన కార్డు నిన్న వచ్చింది. తుంగభద్ర కాలవ నీళ్ళు చేలో పారుతున్నాయని రాశావు. ఇక్కడ మనం వాన కోసం మొహం పైకెత్తి చూసీ చూసీ మెడలు పట్టేసిన వాళ్ళం. నీ కాళ్ళ దగ్గరికి నీళ్ళు వచ్చాయంటే సంతోషమే. దూరం ఒక్కటే కష్టంగా ఉంది. గంగావతి ఎక్కడుందో బడి పిల్లల పటంలో వెతికించి చూశాను. నా జానెడు చెయ్యి చాలలేదు.

నువ్వు నాకు ఒప్పజెప్పి వెళ్ళినా నీ బండి వెనకాలే పరిగెత్తిన బైరాగిని నరసరావుపేట స్టేషన్లో మన పక్కింటి సిలార్ పట్టుకున్నాడు. తన లారీలో ఎక్కించుకుని తెచ్చి నా వాకిట్లో దింపాడు. "పిన్నమ్మా, రైలు పోయిన వైపే చూస్తోంది, దాని మెడ తిప్పడానికి నా తల ప్రాణం తోకకొచ్చింది" అన్నాడు. కోటప్పకొండ తిరునాళ్ళలో మన ప్రభ బండి వెనక వచ్చేసిన కుక్క కూనకు నువ్వు నవ్వులాటకు బైరాగి అని పేరు పెట్టావు. ఇప్పుడు చూస్తే నిజంగానే బైరాగిలాగే ఉంది. గుమ్మం మీద గడ్డం ఆనించి, ఎవరితోనూ పని లేనట్టు పడుకుంటోంది.

ఒక సంగతి అడగాలి. పొద్దున్నే లేచి బావి పక్కన గరికలోకి వెళ్ళి గడ్డి తింటోంది. తల పక్కకు వాల్చి, దవడ పళ్ళతో కొరుకుతోంది. ఆనక కాస్త పచ్చటి నురగ కక్కింది. నీ దగ్గర ఉన్నప్పుడు కూడా తినేదా? నీ మీద బెంగతో ఇలా చేస్తోందేమో అనిపిస్తోంది. నాకు కుక్కల సంగతి ఏం తెలుసు? మీ బావగారు పోయాక ఈ ఇంట్లో నేను కాక ఊపిరి తీసే ప్రాణి ఇదొక్కటే.

అక్కడ నీ ఇల్లు లేచేదాకా దీన్ని చూసుకుంటాను. నువ్వు దిగులు పెట్టుకోకు.

అక్క,
రాఘవమ్మ

*

మారుతీ క్యాంపు,
20-7-64

అక్కా,

నీ ఉత్తరం చదివి నాకు అన్నం సయించలేదు. నా కుక్క చేత గడ్డి తినిపిస్తున్నావా? శనివారాలూ ఏకాదశులూ నీకుంటే నువ్వు ఉండు, వాడి చేత ఎందుకే ఉపవాసాలు? నువ్వు నీసు మానేసి ఎన్నేళ్ళయిందో నాకు గుర్తు లేదు. వాడు మానలేదు గదా! పప్పన్నం వాడికి ఏ మూలకు? ఆకలికి కాకపోతే మేకలాగా గడ్డెందుకు కొరుకుతాడు?

సిలార్‌కి కార్డు రాశాను. వాళ్ళింట్లో కూర వండిన రోజున నాలుగు బొమికలు వాడికి వెయ్యమన్నాను. నీకు చెబితే మొహమాటపడతావని సిలార్‌కే రాశాను.

ఇక్కడ సంగతులు. నేల బాగుంది. నల్లరేగడే, కానీ మన రేగడిలా బీటలు వేసి నోరు తెరవదు. ఇంకా తడికల పాకలోనే ఉన్నాం. మీ మరదలికి పక్కింటావిడ తోడు దొరికింది. ఆవిడది కన్నడం, ఈవిడది తెలుగు. ఇద్దరూ చేతులూపుకుంటూ మధ్యాహ్నమంతా మాట్లాడుకుంటారు. ఏం మాట్లాడుకున్నారే అంటే "ఏమో, బాగానే మాట్లాడుకున్నాం" అంటుంది. నాకు అదీ లేదు. చేలో నిలబడి ఎడ్లతో మాట్లాడుతున్నా. బైరాగిగాడుంటే వాడితో మాట్లాడేవాణ్ణి.

వాడెట్లా ఉన్నాడో వెంటనే రాయి.

యలమందయ్య

*

వేములవారిపాలెం,
14-9-1964

యలమందా,

ఆలస్యంగా జవాబు రాస్తున్నాను. కోపం వచ్చి కాదు. ఏం రాయాలో తెలియక.

సిలార్ నువ్వు చెప్పినట్టే బొమికలు తెస్తున్నాడు. నా పట్టింపు తెలిసినవాడు కాబట్టి నా వాకిట్లో వెయ్యడు, వాళ్ళ ప్రహరీ పక్కన వేసి ఈలేస్తాడు. వాళ్ళమ్మ ఖాదర్‌బీ దగ్గరుండి తినిపిస్తుంది. అదంతా కడుపు నిండా తిని, నేను పెట్టిన పెరుగన్నం కూడా తిని, మర్నాడు పొద్దున్నే మళ్ళీ గరికలోకే పోతోంది బైరాగి. కాబట్టి అది ఆకలి కాదు తమ్ముడూ. నేను దాన్ని పస్తు పెట్టలేదు. ఈ మాట చెప్పుకోవలసి వచ్చినందుకే బాధగా ఉంది.

వినాయక చవితి అయింది. నా గరిక సంగతి నీకు తెలుసు. అత్తగారి కాలం నుంచీ బావి నీళ్ళు పారే ఆ కాస్త నేలా పూజకే విడిచిపెట్టాం. దేవుడికి పెట్టే గరికకు చివర మూడాకులూ చెక్కుచెదరకుండా ఉండాలి. బైరాగికి సరిగ్గా ఆ చివుళ్ళే కావాలి. కింద ముదురాకు వాసనైనా చూడదు. పండగ నాడు తలంటు పోసుకుని మడి కట్టుకుని వెళ్ళి చూస్తే, అంత గరికలోనూ తెగని చివురు ఒక్కటి కనపడలేదు. ఎదురింటికి వెళ్ళి అడిగి తెచ్చుకున్నాను. వినాయకుడికీ దీనికీ ఒకటే రుచి! ఈ కుక్కతో నా పూజ సాగేట్టు లేదు. రేగుకంప తెప్పించి గరిక చుట్టూ వేయించాను. కంప అవతల కూర్చుని నా వంక చూస్తోంది, నేనేదో దాని ఇల్లు లాక్కున్నట్టు.

హనుమాయమ్మను చేతులతోనే కాక నోటితో కూడా మాట్లాడమను. నాకో ఉత్తరం ముక్క రాయమను.

అక్క,
రాఘవమ్మ

*

మారుతీ క్యాంపు,
5-10-64

అక్కా,

పస్తు పెట్టావని నేనన్నానా? నా నోరు అంతే, నీకు తెలియంది కాదు. కాయితం మీద పెడితే ఇంకా గట్టిగా వినపడుతుంది కాబోలు.

అయితే ఒకటి అర్థమైంది. నీకు వాడితో ఇబ్బందిగా ఉంది. పూజలూ మడీ ఉన్న ఇంట్లో కుక్కని అంటగట్టి వచ్చాను, తప్పు నాదే. గోడలు లేస్తున్నాయి. పైన రేకులు పడగానే వాణ్ణి ఇక్కడికి తెప్పించుకుంటాను. ఇక్కడ అడవి పందులు వరి మళ్ళలో పడి తొక్కేస్తున్నాయి. వాడుంటే ఒక్కటి రాదు.

బెంగ అని మళ్ళీ మళ్ళీ అనుకోకు. కుక్కకి బెంగేంటే! కడుపులో బాగా లేకపోతే గడ్డి తింటాయి, కక్కుతాయి, అయిపోయింది. మనిషైతే నోరు తెరిచి ఏడుస్తాడు. కుక్కకి అయ్యన్నీ ఉండవు.

యలమందయ్య

*

వేములవారిపాలెం,
22-11-1964

యలమందా,

ముందు చివరి మాట చెబుతాను, అప్పుడు తక్కినది చదువు. బైరాగి బాగానే ఉంది. ఇప్పుడు నా కాళ్ళ దగ్గరే పడుకుని ఉంది.

పోయిన వారం జరిగింది. గరికకు కంప వేశాను గదా. అది దొరక్క బైరాగి పొద్దున్నే చేల వైపు వెళ్ళడం మొదలుపెట్టింది. తిరిగి వస్తుందిలే అనుకున్నాను. మన వెనక చెంచురామయ్య మిరప చేలో గట్టు మీద గడ్డి మంచి పచ్చగా ఉంటుంది. ఆ పొద్దున అతను మిరపకు పురుగు మందు కొట్టించాడు. గాలికి గట్టు కూడా తడిసింది. ఆ తడిసిన గడ్డి తినేసింది.

ఇంటికి వచ్చేసరికి నోటి వెంట చొంగ తాడులాగా కారుతోంది. కాళ్ళు వణికిపోతున్నాయి. నన్ను చూసి తోక ఊపబోయి పడిపోయింది. నేను కేక పెట్టాను. నేను కేక పెట్టడం ఖాదర్‌బీ ఎన్నడూ వినలేదుట, చేతిలో చేట కింద పడేసి వచ్చింది. సిలార్ నరసరావుపేటకు పత్తి బేళ్ళ కోసం బయలుదేరుతున్న వాడల్లా దాన్ని ఎత్తి లారీలో పడుకోబెట్టాడు. నేను మడి బట్టతోనే ఎక్కాను. దాని తల నా ఒళ్ళో పెట్టుకున్నాను. అంతవరకూ దాన్ని నేను చేత్తో తాకలేదు తమ్ముడూ, ఇన్ని నెలల్లో.

పశువుల ఆస్పత్రి డాక్టరు చిన్నవాడే. సూది మందు వేసి, మూతీ ఒళ్ళూ సబ్బు నీళ్ళతో కడిగించాడు. "గడ్డి తినకుండా కట్టేసుకోనా బాబూ?" అని అడిగాను.

"ఎందుకమ్మా? గడ్డి తినని కుక్క ఏది? కడుపు బాగా లేక తింటుంది, బాగున్నా తింటుంది, ఊరికే రుచికి కూడా తింటుంది. ఎప్పుడో కాస్త కక్కితే భయపడకండి. అదే పనిగా కక్కినా, అన్నం ముట్టకపోయినా, నెత్తురు పడినా తీసుకురండి. తప్పు గడ్డిది కాదమ్మా, గడ్డి మీద పడిన దానిది. దానికంటూ మంచి గడ్డి కాస్త ఉంటే చేల గట్ల మీదకు పోదు" అన్నాడు.

దానికంటూ ఉన్న మంచి గడ్డికే నేను కంప వేశాను.

ఇంటికి రాగానే కంప లాగిపారేశాను. మేకలు రాకుండా వెదురు తడిక కట్టించాను. గరిక పక్కన నా ఎర్ర గన్నేరు, రోజూ స్వామికి పూలు కోసేదాన్ని, దాని ఆకు కూడా విషమేనని డాక్టరు అంటే కొట్టించేశాను. స్వామికి మందారాలు చాలు. ఎండి ఎన్ను వేసిన గడ్డి ముక్కులో గుచ్చుకుంటుందని చెప్పాడు, అదీ ఏరేశాను. ఇప్పుడు రోజూ పొద్దున స్నానం చేసి వెళ్ళి, దేవుడికి కావలసిన చివుళ్ళు ముందు కోసుకుని, తర్వాత తడిక తీస్తున్నాను. అప్పటిదాకా అది తడిక ముందు కూర్చుని ఉంటుంది. కంగారు పడదు.

చెంచురామయ్యను కూడా అడిగాను, మందు కొట్టే రోజు ముందుగా ఒక కేక వెయ్యమని. "కుక్క కోసం కేకెయ్యాలా రాఘవమ్మత్తా! రేపు కోడిపెట్టలకి కూడా దండోరా వేయించమంటావు" అని నవ్వాడు. కానీ వేస్తున్నాడు. "రాఘవమ్మత్తోయ్, నీ బైరాగిని కట్టేసుకో!" అని ఊరంతా వినపడేలా అరుస్తున్నాడు. మొన్న అసలు బైరాగి ఒకాయన భిక్షకు వచ్చి వీధిలో నిలబడి ఉన్నాడు. ఆయన మొహం చూడాలి.

ఇదంతా నీకు రాయడానికి వారం పట్టింది. నమ్మి ఒప్పజెప్పి వెళితే ఇలా చేసిందని నువ్వు అనుకుంటే నేను కాదనలేను.

అక్క,
రాఘవమ్మ

*

మారుతీ క్యాంపు,
10-12-64

అక్కా,

నేనేమీ అనను. ఉత్తరం చదివి గట్టు మీద కూలబడితే మీ మరదలు వచ్చి లేపింది.

ఇంటి మీద రేకులు పడ్డాయి. సంక్రాంతి దాటాక సిలార్ బళ్ళారికి లోడు తెస్తానని రాశాడు. బళ్ళారికి నేను వస్తాను. వాడి చేత బైరాగిని పంపించెయ్యి. నీ మడీ నీ పూజా నిమ్మళంగా చేసుకో. ఈ వయసులో లారీలెక్కి కుక్కని ఒళ్ళో పెట్టుకుని తిరిగే కర్మ నీకెందుకు?

యలమందయ్య

*

వేములవారిపాలెం,
18-1-1965

యలమందా,

సిలార్ చేతికి ఈ ఉత్తరం ఇచ్చి పంపుతున్నాను. బైరాగి, ఈ ఉత్తరం, ఒక కిరసనాయిలు డబ్బా, మూడూ నీకు ఒకసారే అందుతాయి.

డబ్బాలో ఉన్నది మన బావి దగ్గరి గరిక. వేళ్ళతో సహా మట్టితో తీసి పెట్టాను. డబ్బాను సున్నం వేసి తోమి ఎండబెట్టాను, కిరసనాయిలు వాసన లేదు. అడుగున చిల్లులు పొడిచాను. ఇంటి దగ్గరే, చేలకు దూరంగా, కాస్త నీడ తగిలేచోట నాటు. మీ వరికి కూడా మందు కొడతారు గదా, ఆ కాలవ నీళ్ళు దీనికి పొయ్యొద్దు, బావి నీళ్ళే పొయ్యి. ఎరువు వెయ్యొద్దు. ఎలుకల మందు ఆ చుట్టుపక్కల పెట్టనివ్వకు. ఎదిగితే పైపైన కోసేస్తూ ఉండు, లేత చివురైతేనే తింటుంది. గట్ల మీద తినబోతే పిలువు, వచ్చేస్తుంది. ఎక్కువసార్లు కక్కితే పశువుల డాక్టరు దగ్గరకు తీసుకెళ్ళు, కుక్కకి డాక్టరేంటే అనకు.

సిలార్ పొద్దున వచ్చి, "పిన్నమ్మా, ఇష్టం లేదని ఒక్క ముక్క రాయరాదా? యలమందన్నేం పులా?" అన్నాడు. తమ్ముడి కుక్క, తమ్ముడు అడిగాడు, నా ఇష్టంతో పనేముంది అన్నాను. నా చేతిలో దానికి ఒకసారి ప్రాణం మీదకు వచ్చింది. నీకు నా మీద నమ్మకం తగ్గితే అది న్యాయమే.

ఈ చివరి ముక్కలు లారీ పక్కన నిలబడి రాస్తున్నాను. అది లారీ ఎక్కనంది. లారీ అంటే దానికి ఆ సూది గుర్తున్నట్టుంది. సిలార్ లాగాడు, బతిమాలాడు, బొమిక చూపించాడు. నాలుగు కాళ్ళూ నేలకు తన్నిపెట్టి కూర్చుంది. చివరికి నేను ఎక్కి కూర్చున్నాను. అది కూడా ఎక్కి నా ఒళ్ళో తల పెట్టింది.

అప్పుడు నేను దిగాను.

అక్క,
రాఘవమ్మ

*

మారుతీ క్యాంపు,
12-2-65

అక్కా,

వాడు క్షేమంగా చేరాడు. బళ్ళారిలో నన్ను చూసి మీద పడి నాకాడు, ఎగిరాడు, నా తలపాగా ఊడదీశాడు. ఆ రోజంతా నా వెనకే. పందుల్ని ఒక్కసారి తరిమాడు. బాగానే ఉందనుకున్నా.

కానీ గడ్డి తినడంలే. నీ గరిక నువ్వు చెప్పినట్టే నాటాను. బావి నీళ్ళే పోస్తున్నా, మీ మరదలు రోజూ మోస్తోంది. చిగురు వేసింది. కోళ్ళు గీకకుండా చుట్టూ చిన్న దడి కూడా కట్టాను. వాడు పొద్దున్నే లేచి ఆ గరిక ముందు కూర్చుంటాడు. దడి తీసినా కదలడు. చివుళ్ళు కోసి నోటి దగ్గర పెట్టినా మొహం తిప్పుకుంటాడు. ఎండెక్కేదాకా కూర్చుని, లేచి వచ్చి పడుకుంటాడు. అన్నం సగం వదిలేస్తున్నాడు. గంగావతి డాక్టరుకి కూడా చూపించా, నువ్వు అనుకున్నట్టు నేనేమీ అనలేదు. కడుపు బాగానే ఉందన్నాడాయన. కడుపు బాగుంటే మరి ఇదేంటే? బెంగా గింగా లేదని నీకు రాసిన వాణ్ణి నేనే. ఇప్పుడు ఎవర్ని అడగను?

సిలార్ అంతా చెప్పాడు. నువ్వు రాయని సంగతి కూడా. లారీ కదిలాక నువ్వు ఇంట్లోకి వెళ్ళకుండా తడిక దగ్గరే నిలబడ్డావట. నమ్మకం తగ్గిందని ఎవరన్నారే నీకు? ఈ కుక్కతో నా పూజ సాగేట్టు లేదని నువ్వు రాస్తే, భారంగా ఉంది కాబోలు, అక్క నోరు తెరిచి అడగదు గదా అని తెప్పించాను. అది నవ్వులాటకు రాశావా? నవ్వులాటైతే అట్లా రాయవద్దా? నేను చదువుకున్న వాణ్ణా, గీతల మధ్య ఏముందో చూడటానికి?

వాడు గడ్డి ముట్టాలంటే ఏం చెయ్యాలో నీకు తెలిసే ఉంటుంది. రాయి.

యలమందయ్య

వదినా, ఇది నేను రాస్తున్నా. ఆయన రోజూ బైరాగి పక్కన కూర్చుని గరిక తిని చూపిస్తున్నారు. ఎవరికీ చెప్పకు. — హనుమాయమ్మ

*

వేములవారిపాలెం,
24-2-1965

యలమందా,

నీ ఉత్తరం వచ్చిన రోజే జవాబు రాయవలసింది. రెండు రోజులు కలం పట్టలేదు. ఎందుకో కూడా చెబుతాను.

బైరాగి గరిక తినడానికి ఏం కావాలో నాకు తెలుసు. నువ్వు స్నానం చేసి వచ్చి, దాని ఎదురుగానే నాలుగు చివుళ్ళు కొయ్యాలి. దానికి పెట్టకూడదు. ఇంట్లోకి తీసుకెళ్ళి స్వామి పటం ముందు పెట్టి, మళ్ళీ వచ్చి దడి తీసి, "ఇక నీదే నాయనా" అనాలి. రోజూ నేను అలాగే అనేదాన్ని. దేవుడి వాటా దేవుడికి పోయిందని తెలిస్తే గానీ వాడు ముట్టడు. నేను నేర్పలేదు. ఆస్పత్రి నుంచి వచ్చాక వాడే నేర్చుకున్నాడు. నువ్వు దడి తీశావు, చివుళ్ళు కోసి నోటికి అందించావు. కానీ దేవుడికి ముందు పెట్టలేదు. అందుకే కూర్చుంటున్నాడు. రేపటి నుంచి ఇలా చెయ్యి, తింటాడు.

ఇది నీకు చెప్పకపోతే వాడు అక్కడ ఇమడడు, తిరిగి పంపించేస్తావు అన్న ఆలోచన నాకు వచ్చింది. రెండు రోజులూ ఆ ఆలోచనతోనే దీపం పెట్టాను. వాడు అన్నం సగం వదిలేస్తున్నాడని రాశావు గదా, అది మళ్ళీ చదివి లేచి కలం తెచ్చుకున్నాను.

ఇక్కడ గరిక బాగా వచ్చింది. తెగిన చివురు ఒక్కటి లేదు. స్వామికి ఎన్ని కావాలంటే అన్ని ఉన్నాయి. కోసుకుంటుంటే చెయ్యి ఆగిపోతోంది. చెంచురామయ్య నిన్న మిరపకు మందు కొట్టిస్తూ, అలవాటు కొద్దీ, "రాఘవమ్మత్తోయ్, నీ బైరాగిని" అని మధ్యలో ఆపేశాడు. ఆ ఆపిన మాట పొద్దుపోయేదాకా నాకు వినపడుతూనే ఉంది.

నీకు పందుల బాధ ఉంది, చేలో మాట్లాడటానికి తోడు లేదు, వాణ్ణి నీ దగ్గరే ఉంచుకో అని రాయాలనే కూర్చున్నాను. అలాగే రాయడం నాకు బాగా అలవాటు. ఈసారి రాయలేకపోతున్నాను. భారమన్న మాట నేను ఎన్నడూ అనలేదు, అనుకోలేదు. ఇలాంటి మాటలు గీతల మధ్య పెట్టబట్టే ఇంత జరిగింది గనక గీత మీదే రాస్తున్నాను.

వాణ్ణి నాకు తెచ్చి ఇవ్వు. సిలార్ లారీలో వద్దు. నేను ఎక్కించి దిగిపోయిన లారీ అది. వరి కోతలు అయ్యాక, నీకు వీలైనప్పుడు, నువ్వే తీసుకురా.

మేకలు దూరకుండా నేను చూసుకుంటాను. తడిక తీసే ఉంచుతాను.

అక్క,
రాఘవమ్మ